కంటిన్యుటీ చీర

నన్ను మీరు చూసే ఉంటారు. పేరు తెలియదు, అంతే. ఆసుపత్రి మంచం పక్కన స్టూలు మీద కూర్చున్న తల్లి, పెళ్లి పందిట్లో మూతి తిప్పే పినతల్లి, ప్రెసిడెంటు గారి భార్య, శవం దగ్గర గుండెలు బాదుకునే మేనత్త. ఇరవై ఏళ్లుగా సినిమాల్లో నేను వేసినవన్నీ ఇవే. అంతకుముందు నాటకాలు. మాది తెనాలి. మా ఊళ్లో నాటకాలాడే మనిషిని ఎవరూ వింతగా చూడరు. చప్పట్లు కొడతారు, శాలువా కప్పుతారు. పెళ్లి చేసుకోమంటే మాత్రం కాస్త ఆలోచించుకుంటామంటారు. నా విషయంలో ఆ ఆలోచన తెగేలోపు నాకు నలభై దాటాయి.

ఇప్పుడు తమ్ముడి ఇంట్లో మేడ మీద గదిలో ఉంటాను. నెలకి పది పన్నెండు రోజులు హైదరాబాదులో సీరియల్ షూటింగు ఉంటుంది. మిగతా రోజులన్నీ, వచ్చే నెల ఆ పది రోజులు ఉంటాయా ఊడతాయా అని భయపడుతూ గడుపుతాను. ఫోను స్నానాల గది గుమ్మం దాకా తీసుకెళ్తాను. సీరియల్ మ్యానేజరు నంబరు నుంచి ఫోను రాకపోతే ఒక భయం, వస్తే ఇంకో భయం. మా తమ్ముడు నవ్వుతాడు. వాడిది గవర్నమెంటు ఉద్యోగం, వాడు నవ్వగలడు.

సీరియల్లో నాది హీరోయిన్ అత్తగారి పాత్ర. మొదట అది వేరే ఆవిడ వేసేది. ఏదో మాట పట్టింపు వచ్చి ఆవిడ రెండు రోజులు షూటింగుకి రాలేదు. మూడో రోజు నాకు ఫోనొచ్చింది. తెర కింద చిన్న అక్షరాలతో, ఇక నుంచి ఈ పాత్రలో ఫలానా అని నా పేరు ఒకసారి వేశారు. అంతే, ఆ క్షణం నుంచి ముగ్గురు కొడుకులూ నన్ను అమ్మా అని పిలిచారు, కోడలు కాళ్లకి దండం పెట్టింది. వెళ్లిపోయిన ఆవిడ గురించి ఆ ఇంట్లో ఒక్కరూ ఒక్క మాట అడగలేదు. నేను సంతోషంగా ఆ సోఫాలో కూర్చున్నాను గానీ, నన్నూ ఇంత తేలిగ్గానే లేపేస్తారని నాకు ఆ రోజే అర్థమైంది.

మా మ్యానేజరు చాలా మర్యాదస్తుడు. ఎవరినీ తీసేస్తున్నానని అనడు. "మీకు ఇబ్బందైతే చెప్పండమ్మా, మేం చూసుకుంటాం" అంటాడు. ఆ 'చూసుకుంటాం' అన్న మాట విన్నవాళ్లు మళ్లీ ఆ సెట్లో కనబడరు. వాళ్ల పాత్ర అయితే ఇంకొకరికి పోతుంది, లేకపోతే కాశీకి పోతుంది. సీరియల్లో కాశీకి వెళ్లిన అత్తగారు తిరిగి రాగా నేను చూడలేదు.

ఇక చీర సంగతి. మాలాంటి వాళ్లకి సీరియల్లో కంపెనీ చీరలివ్వదు. ఎవరి పెట్టె వాళ్లు మోసుకెళ్లాలి. కట్టింది మళ్లీ కడితే చూసేవాళ్లు గుర్తుపడతారు, కొత్తవి కొంటూ పోతే మనకి మిగిలేది ఉండదు. అదలా ఉంచండి. అసలు భయం కంటిన్యుటీది. ఒక సీను సగంలో ఆగిపోతే, మిగతా సగం పది రోజుల తర్వాత తీసినా సరే, అదే చీర, అదే జాకెట్టు, అవే గాజులు, అదే వైపు పిన్ను ఉండాలి. లేకపోతే మాట మొదలుపెట్టినప్పుడు ఆకుపచ్చ చీరలో ఉన్న మనిషి మాట పూర్తయ్యేసరికి ఎర్ర చీరలో తేలుతుంది.

ఆ నెల మా సీరియల్లో చిన్న కొడుకు నిశ్చితార్థం. నేను చిలకాకుపచ్చ కుప్పడం చీర కట్టుకున్నాను, వంకాయరంగు అంచు. చీరాల వైపు మగ్గం మీద నేసింది. నా పెట్టె మొత్తానికి అదే మంచిది. ముప్పై మంది ఉన్న హాలు, పూల అలంకరణ, పళ్లాలు. అందరినీ కలిపి తీశారు, హీరో మొహం తీశారు, హీరోయిన్ మొహం తీశారు, పంతులు గారి మొహం కూడా తీశారు. నా వంతు వచ్చేసరికి ఆ రోజు కాల్షీటు టైము అయిపోయింది. ఎప్పుడూ చివరికి మిగిలేవి మా మొహాలే. కాస్ట్యూమ్స్ చూసే అమ్మాయి నన్ను ముందు నుంచి, వెనక నుంచి ఫోనులో ఫొటోలు తీసుకుని, "అమ్మా, ఈ చీర జాగ్రత్త. వచ్చే గురువారం ఫస్ట్ షాట్ మీదే" అంది.

తెనాలి తెచ్చుకుని బీరువాలో పై అరలో, అన్నిటికన్నా పైన పెట్టాను. ఇస్త్రీకి కూడా ఇవ్వలేదు. ఇది కంటిన్యుటీ చీర, ముట్టుకోవద్దు అని ఇంట్లో ఒక్కరికి కూడా చెప్పలేదు. నా చీరలు ఎవరు ముట్టుకుంటారు? మా మరదలు వాటిని చూసి, "ఇంతలేసి అంచులు మేం కట్టలేం వదినా" అంటుంది. చెప్పవలసిన అవసరం ఉంటుందని తోచలేదు. తప్పు నాదే. సినిమా వాళ్లలో చిన్న పిల్ల కూడా ఆ చీరకి ఒక చీటీ అంటిస్తుంది.

ఆ శనివారం నాకు ఇంకో పని తగిలింది. చీరాల దగ్గర రామాపురంలో ఏదో సినిమా తీస్తున్నారు, రెండు రోజుల వేషం. పడవ మీద వెళ్లిన కొడుకు కోసం ఎదురుచూసే ముసలి తల్లి. చీర వాళ్లే ఇచ్చారు, రంగు వెలిసిన నూలుది. మొహానికి, చేతులకి నల్లరంగు పూశారు. అక్కడి చేపల ఆడవాళ్లు చుట్టూ చేరి నన్ను చూసి ఒకటే నవ్వు. "ఏంటండీ ఆ కట్టు, రెండడుగులేత్తే ఊడిపోద్ది" అని ఒకావిడ ముందుకొచ్చి, అందరి ముందూ నా చీర కుచ్చిళ్లు పీకి గోచీ పోసి కట్టింది. నాకు కోపం వచ్చింది గానీ, కట్టు మాత్రం కుదిరింది.

ఆదివారం పొద్దున్నే వెలుగు రాగానే షాటు. ఇసకలో నిలబడి ఉండగా తమ్ముడు ఫోను చేశాడు.

"అక్కా, పెద్దక్క పోయింది."

మా అక్క నాకన్నా నాలుగేళ్లు పెద్ద. రేపల్లెలో ఇచ్చారు. బావ రైసుమిల్లులో గుమస్తాగా చేసి మానేశాడు. పిల్లల్లేరు. నా నాటకాల రోజుల్లో నాకు పాఠం అప్పజెప్పించుకున్నది అక్కే. నేను ఒక్క మాట తప్పితే పుస్తకం మూసేసి, మళ్లీ మొదటి నుంచి అనేది. కాకుమానులో ఒకసారి నేను స్టేజి మీద మాట మరిచిపోతే, ముందు వరసలో కూర్చున్న మా అక్క లేచి నిలబడి గట్టిగా అందించింది. జనం ఆవిడకి చప్పట్లు కొట్టారు. ఆ మనిషి తెల్లవారుజామున లేచి మంచినీళ్లు అడిగిందట. బావ గ్లాసు తెచ్చేలోపే పోయింది.

ఫోను చేతిలో పట్టుకుని నిలబడిపోయాను. అసిస్టెంట్ డైరెక్టరు దగ్గరికి వచ్చి సంగతి విని అయ్యో అన్నాడు. తర్వాత సముద్రం వైపు చూశాడు, వెలుగు వైపు చూశాడు. "అమ్మా, ఒక్క షాటు. డైలాగు కూడా లేదు. అవగానే బండి రెడీగా ఉంచుతాను" అన్నాడు. సరేనన్నాను. ఎందుకన్నానో ఇప్పటికీ చెప్పలేను, అలవాటు. షాటు అవగానే డైరెక్టరు బ్రహ్మాండం అన్నాడు. అందులో నేనేమీ చెయ్యలేదు. ఏమీ తోచక నీళ్లవైపు చూస్తూ నిలబడ్డాను, అంతే.

వాళ్ల బండి బాపట్ల బస్టాండు దాకా దించింది. అక్కడ కుళాయి దగ్గర మొహం కడుక్కుంటే రంగు సగమే పోయింది. చెవుల వెనక, మెడ మీద నల్లగా అలాగే ఉంది. రేపల్లె బస్సు కోసం బెంచీ మీద కూర్చుంటే పక్కనావిడ ఎగాదిగా చూసి అడిగింది.

"మీరు సీరియల్లో అత్తగారు కదండీ?"

"అవునండి."

"అట్టా నల్లబడ్డారేంటండీ?"

"ఎండకండి."

"ఇంతకీ ఆ పిల్లకి ఆస్తి రాసిత్తారా, లేదా?"

"తెలీదండీ" అన్నాను. నాకు నిజంగానే తెలియదు. ఆవిడ నేను కావాలని దాస్తున్నాననుకుని మొహం తిప్పుకుంది. బస్సు వచ్చేదాకా ఆవిడ మళ్లీ మాట్లాడలేదు, అదొక్కటే ఆ పొద్దున జరిగిన మేలు.

రేపల్లె చేరేసరికి పదకొండైంది. అక్కని వీధి వరండాలో పడుకోబెట్టారు. మొహానికి పసుపు, రూపాయి కాసంత బొట్టు. జనం దారిచ్చారు. నేను దగ్గరికి వెళ్లాను. అక్క మెడ నుంచి పాదాల దాకా చిలకాకుపచ్చ చీర కప్పి ఉంది. వంకాయరంగు అంచు.

ఇక్కడ నేను అబద్ధం చెప్పకూడదు. మా అక్క మొహం చూసి నా మనసులో మొదట వచ్చిన మాట అక్కా అని కాదు. కంటిన్యుటీ అని. గురువారం ఫస్ట్ షాట్ అని. ఆ తర్వాతే అక్క గుర్తొచ్చింది. గుర్తొచ్చి ఏడుద్దామని నోరు తెరిస్తే, వెనక ఎవరో పెద్దావిడ పక్కావిడతో, "చూడు, టీవీలో కూడా అచ్చం ఇట్టాగే ఏడుత్తది" అంది. దాంతో గొంతులోకి వచ్చింది వచ్చినట్టే ఆగిపోయింది. గ్లిజరిన్ లేకుండా ఏడ్చే మనిషినని నాకు పరిశ్రమలో పేరు. సొంత అక్క దగ్గర ఒక్క చుక్క రాలేదు. చీర అంచు మీద చెయ్యి వేసి కూర్చున్నాను. చూసేవాళ్లు పాపం అనుకుని ఉంటారు. నేను ఆ అంచుకి పసుపు ఎంత అంటిందో చూస్తున్నాను.

ముత్తైదువ పోతే పుట్టింటి వాళ్లు చీర తెచ్చి కప్పాలి. మా తమ్ముడూ మరదలూ చీకటితో బయల్దేరారు. మరదలు నన్ను పక్కకి పిలిచి, కళ్లు తుడుచుకుంటూ చెప్పింది. "షాపులు తీయలేదు వదినా. ఉత్తచేతులతో ఎట్టా వెళ్తాం? మీ బీరువాలో పైనే ఉంది. పుట్టింటి పరువు కదా, మంచిదే తీసుకుందామని తెచ్చా. మీరేమీ అనుకోరని తెలుసు."

"ఏమనుకుంటానే, మంచి పని చేశావు" అన్నాను. సీరియల్లో నా కోడలిని దీనికి పదోవంతు తప్పుకి ఇంట్లోంచి గెంటేశాను.

మా వైపు, కప్పిన చీరలు నిప్పులో వేయరు. శ్మశానం గుమ్మంలో తీసి, ఆ ఇంటి బట్టలుతికే చాకలావిడకి ఇచ్చేస్తారు. ఆ సంగతి నాకు తెలుసు. పాడె లేస్తున్నప్పుడు కూడా అదే నా బుర్రలో తిరిగింది. ఆడవాళ్లం ఇంటి గుమ్మం దగ్గరే ఆగిపోయాం. నలుగురూ అక్కను మోసుకెళ్తుంటే నేను ఆ ఆకుపచ్చ రంగు మలుపు తిరిగేదాకా చూస్తూ నిలబడ్డాను. నా మీద నాకు అసహ్యం వేసింది. అసహ్యం వేసిందని భయం తగ్గలేదు.

సోమవారం తెనాలి వచ్చి మ్యానేజరుకి ఫోను చేశాను. అక్క పోయిందని చెప్పాను. చీర మాట ఎత్తలేదు.

"అయ్యయ్యో, ఎంత కష్టమమ్మా" అన్నాడు. "మరి గురువారం రాగలరా? హాలు మళ్లీ సెట్ చేస్తున్నాం, ముప్పై మందిని పిలిచాం. మీకు ఇబ్బందైతే చెప్పండి, మేం చూ..."

"వస్తానండీ" అన్నాను. ఆ మాట ఆయన నోటి నుంచి పూర్తిగా రాకుండా అడ్డం పడ్డాను.

చీర పోయిందని చెప్పవచ్చు కదా అని మీరనవచ్చు. చెప్తే హాలు మొత్తం మళ్లీ తీయాలి. ఒక అత్తగారి చీర కోసం ముప్పై మంది సీను మళ్లీ తీసే కంపెనీ ఎక్కడా లేదు. అత్తగారిని కాశీకి పంపడం వాళ్లకి ఒక్క ఫోన్ కాల్‌తో పోయే పని. నాకు యాభై తొమ్మిదేళ్లు. ఇది పోతే ఇంకో అత్తగారి పాత్ర వస్తుందని నమ్మే వయసు కాదు. ఆ మేడ మీద గదిలో ముప్పై రోజులూ కూర్చోవడం, కింద మరదలు అన్నానికి పిలిస్తే దిగి రావడం, అది తలచుకోవడమే నా వల్ల కాలేదు.

ఆ చీర మీదికి జాకెట్టు కుట్టిన టైలరు భాయ్ మా వీధి చివరే ఉంటాడు. జాకెట్టు నా దగ్గరే ఉంది కనక అది పట్టుకెళ్లి చూపించి, ఇలాంటి చీర ఎక్కడ దొరుకుతుందని అడిగాను. గుడ్డ వేళ్ల మధ్య నలిపి చూశాడు. "ఇది మగ్గం చీర అక్కా. దీనికి జత ఉండదు. అంచు దొరికితే రంగు దొరకదు, రంగు దొరికితే బుటా తేడా వస్తది. మీరు ఊరికే తిరగమాకండి" అన్నాడు. అయినా తిరిగాను. మార్కెట్లో నాలుగు షాపులు, వంద చీరలు విప్పించాను. ఒక షాపులో కుర్చీ వేసి కూల్‌డ్రింకు ఇచ్చి, ఫొటో దిగుతారా మేడమ్ అన్నారు. దిగాను. చీర దొరకలేదు.

మంగళవారం మూడో రోజు, చిన్నదినం. పొద్దున రేపల్లె ప్యాసింజరు ఎక్కాను. ఆ లైను రేపల్లెతో ఆఖరు, ఇక దిగకుండా ముందుకు పోయే వీలు లేదు. దారి పొడవునా ఒకటే ఆలోచన. అడగాలా, వద్దా. చచ్చిన మనిషి మీద కప్పిన చీర తిరిగి అడిగిన వాళ్లని నేను ఇంతవరకూ వినలేదు. అడిగానని బావకి తెలిస్తే? తమ్ముడికి తెలిస్తే? అసలు అక్కకి తెలిస్తే ఏమనేది? ఏమనేదో ఊహించబోయి ఆపేశాను. నాకు అనుకూలంగానే ఊహించుకుంటానని నాకు తెలుసు.

కార్యక్రమం అయ్యాక, ఇంటి నుంచి తెచ్చిన రెండు చీరలూ, కొల్లూరు లంకల అరటిపళ్లు నాలుగూ సంచీలో వేసుకుని, గుడికి వెళ్లొస్తానని చెప్పి బయటపడ్డాను. మైలలో గుడికేంటని ఎవరైనా అడుగుతారని భయపడ్డాను. ఎవరూ అడగలేదు.

చాకలావిడ ఇల్లు కాలవ గట్టు పక్కన. యాభై ఏళ్లుంటాయి, బక్కపలచటి మనిషి. నన్ను చూడగానే గుర్తుపట్టి పీట వేసింది. దండెం మీద వరసగా దుప్పట్లు, లుంగీలు, వాటి చివర నా చీర. ఉతికి ఆరేసి ఉంది. నాకు ప్రాణం లేచి వచ్చింది, వెంటనే ఇంకో భయం పట్టుకుంది, రంగు దిగిందేమోనని.

ఆవిడే ముందు మాట్లాడింది. "మీ అక్కగారు మంచి మనిషమ్మా. బట్టలు లెక్కెట్టి ఇచ్చేటప్పుడు ఒక ముద్ద అన్నం పెట్టకుండా పంపేది కాదు. ముత్తైదువగా ఎల్లిపోయిన తల్లి చీర, మా కోడలికి శ్రీమంతం చేత్తన్నాం, ఆ రోజు కట్టిద్దామని ఉంచా. ఆ పుణ్యం కాస్త దానికి కూడా అంటుద్దని."

నేను నిజం చెప్పి ఉండవలసింది. ఒక్క వాక్యం. అమ్మా, ఆ చీర నా పనికి కావాలి. నోరు తెరిచాను. వచ్చింది ఇంకొకటి.

"అమ్మా, మా అక్క గుర్తుగా నాకు ఏమీ మిగల్లేదు. ఆఖరుగా ఒంటి మీద ఉన్నది అదొక్కటే. దాన్ని దగ్గర పెట్టుకుని బతుకుతాను. నీ కాళ్లు పట్టుకుంటాను."

'అదొక్కటే' దగ్గర గొంతు వణికింది. అక్కడ వణకాలని నాకు తెలుసు. తర్వాత ఎంతసేపు ఆగాలో తెలుసు. ఆగాను. అప్పుడు కన్నీళ్లు వచ్చాయి. రావడం మొదలుపెట్టాక ఆగలేదు. పీట మీద ముందుకి వంగిపోయి, మోకాళ్ల మీద తల పెట్టుకుని వెక్కి వెక్కి ఏడ్చాను. అక్క పోయాక అదే మొదటి ఏడుపు. ఆవిడ నా వీపు నిమురుతూ తనూ ఏడ్చింది. "ఊరుకోండమ్మా, తీసుకెళ్లండి. తోడబుట్టింది కదా" అంటూ దండెం మీద నుంచి చీర తీసి, నాలుగు మడతలు పెట్టి నా ఒళ్లో ఉంచింది. బదులుగా తెచ్చిన రెండు చీరలు ఇవ్వబోతే తోసేసింది. గుర్తుకి బదులేంటమ్మా అంది. అరటిపళ్లు మాత్రం తీసుకుంది.

గట్టు మీద నడుస్తూ నేను చేసిన మొదటి పని, చీర మడత విప్పి ఎండలో పట్టుకుని చూడడం. మెరుపు కాస్త తగ్గింది. అంచులో ఒక చోట పసుపు మరక పూర్తిగా పోలేదు. కుచ్చిళ్లలోకి తోసేస్తే కనబడదని లెక్క వేసుకున్నాను.

గురువారం కాస్ట్యూమ్స్ అమ్మాయి ఫోనులో ఫొటో, నా ఒంటి మీద చీర మార్చి మార్చి చూసింది. "ఉతికించారా అమ్మా? షైనింగ్ పోయినట్టుందే."

"మరక పడిందమ్మా."

"పర్లేదులెండి, క్లోజప్పే కదా."

హాల్లో పూలు మారాయి, పళ్లాల్లో పళ్లు మారాయి, పంతులు గారు అయితే మనిషే మారిపోయాడు. నా చీర ఒక్కటే మారలేదు. కాబోయే కోడలి గడ్డం పట్టుకుని, "మా ఇంటి మహాలక్ష్మివి తల్లీ" అని నవ్వాలి. నవ్వాను. పెద్ద కోడలి వైపు తిరిగి ఒక చూపు చూడాలి. చూశాను. అరగంటలో ఏడు షాట్లు అయిపోయాయి. ఒక్కటీ రెండోసారి అడగలేదు. మ్యానేజరు దగ్గరికి వచ్చి, "ఇంట్లో అంత జరిగినా వచ్చారు, మీలాంటి వాళ్లు ఉండబట్టే నడుస్తోందమ్మా" అన్నాడు. నాలుగు రోజుల నుంచి మొదటిసారి కడుపు నిండా అన్నం తిన్నాను. తిన్న తర్వాత ఆయన, నిశ్చితార్థం ఇంకో వారం లాగుతున్నారనీ, చీర జాగ్రత్త అనీ చెప్పి వెళ్లాడు.

తర్వాతి మంగళవారం ఆ భాగం టీవీలో వచ్చింది. తెనాలిలో కింద హాల్లో మరదలితో కలిసి చూశాను. మేడ మీదికి వెళ్లిపోదామనుకున్నాను గానీ, వెళ్తే ఎందుకు వెళ్లానంటుందోనని కూర్చున్నాను. నా మొహం తెర నిండా వచ్చింది, భుజం మీద వంకాయరంగు అంచు. మరదలు తెర వైపు చూసింది, నా వైపు చూసింది. మళ్లీ తెర వైపు చూసింది. "కూర మాడుతున్నట్టుంది" అని లేచి వంటింట్లోకి వెళ్లింది. స్టవ్ మీద కూరేమీ లేదు. ఆ రాత్రికి గానీ, తర్వాత గానీ ఆ సంగతి తను అడగలేదు. అడిగితే బాగుండునని నాకు చాలాసార్లు అనిపించింది.

మర్నాడు పదకొండో రోజు, రేపల్లెలో పెద్దదినం. పొద్దున్నుంచీ నేను బావ మొహమే చూస్తున్నాను. అక్క పోయాక ఆ ఇంట్లో టీవీ పెట్టలేదని మాటల్లో తెలిసి కాస్త ఊపిరి పీల్చుకున్నాను. భోజనాలయ్యాక మైలబట్టలు తీసుకెళ్లడానికి చాకలావిడ వచ్చింది. ఆవిడని చూసి వంటింట్లోకి తప్పుకున్నాను. ఆవిడ మూట కట్టుకుని, పెరటి గుమ్మం వైపు తిరిగి నా దగ్గరికే వచ్చింది. గొంతు పెంచలేదు.

"నిన్న చూశానమ్మా టీవీలో."

నేను కడిగిన గ్లాసునే మళ్లీ కడిగాను.

"మీ పనికి కావాలని చెప్తే ఇయ్యనామ్మా? నేను మాత్రం పని చేసుకు బతికేదాన్ని కాదా? ఒక్క మాట చాలు, మారు మాటాడకుండా ఇచ్చేదాన్ని." కాసేపు నా మొహం చూసింది, అందులో ఏదో వెతుకుతున్నట్టు. "మీరంతలా ఏడ్చి వెళ్తే, నేనా పొద్దు అన్నం తినలేదమ్మా."

ఆవిడ మూట నెత్తికెత్తుకుని పెరటి దారిన వెళ్లిపోయింది. అదంతా నటన కాదమ్మా అని వెనకనుంచి పిలిచి చెప్పాలనిపించింది. ఆ రోజు పీట మీద ఏడ్చింది నిజంగా మా అక్క కోసమేనని. పిలవలేదు, ఎందుకంటే అందులో ఎంత అక్కకోసమో, ఎంత చీర కోసమో నాకే తెలియదు. అక్క కోసం నాకు వచ్చిన ఏడుపు అదొక్కటే, అప్పటి నుంచి మళ్లీ రాలేదు. చీర పెట్టెలోనే ఉంది. నిశ్చితార్థం ఇంకా లాగుతూనే ఉన్నారు, గురువారం మళ్లీ కట్టుకోవాలి.